ఒక్క పాట... ముప్ఫై అయిదేళ్ల పేచీ!

రాసింది ఒకరు. పాడింది మరొకరు. టీవీలో ఆ గొంతుకు పెదాలు కదిపింది ఇంకొకరు. డబ్బులు చేరింది మాత్రం వీళ్లెవరికీ కాదు! అమెరికాలో 'కింగ్స్‌మెన్' అనే కుర్రాళ్ల బ్యాండు 1963లో ఓ శనివారం రికార్డు చేసిన పాట 'లూయీ లూయీ'. నిడివి మూడు నిమిషాల్లోపే. ఆ పాట మీద ఎఫ్‌బీఐ విచారణ జరిగింది, స్నేహితులు విడిపోయారు, కోర్టుల్లో కేసులు నడిచాయి. ఆ పేచీ తేలేసరికి 1998 వచ్చింది.

అమెరికాలో మధ్యతరగతి ఇళ్లకు పక్కనే కారు షెడ్డు ఉంటుంది. కారు బయటపెట్టేస్తే అదో చిన్న హాలు. 1960ల్లో వేలమంది కుర్రాళ్లకు అదే సంగీత కళాశాల. ఓ గిటారు, అరువు తెచ్చుకున్న డ్రమ్ములు, నాన్న కొనిచ్చిన చిన్న యాంప్లిఫయరు... ఇవి ఉంటే చాలు, బ్యాండు తయారు. గురువు ఉండడు, స్వరాలు రాసుకోవడం తెలియదు. రేడియోలో విన్నది విన్నట్టు వాయించడమే సాధన. అలాంటి మొరటు సంగీతానికే తర్వాతి రోజుల్లో 'గ్యారేజ్ రాక్' అని పేరొచ్చింది.

పేరు మనకు కొత్తేమో గానీ పద్ధతి కొత్తది కాదు. ఆ రోజుల్లోనే మన నెల్లూరు కుర్రాడు ఒకరు మద్రాసులో ఇలాంటి బృందాన్నే నడిపారు. హరికథా కళాకారుడు సాంబమూర్తి గారబ్బాయి. సినిమాల్లో అప్పుడప్పుడే పాడుతూ, మిగతా రోజుల్లో లైట్ మ్యూజిక్ కచేరీలు చేసేవారు. ఆయన పక్కన హార్మోనియం మీద అనిరుత్త, వాద్యాల దగ్గర మదురై వైపు పల్లె నుంచి వచ్చిన ముగ్గురు అన్నదమ్ములు. కచేరీకి ఎంతిస్తే అంత. ఆ గాయకుడు ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం. ఆ అన్నదమ్ములు భాస్కర్, ఇళయరాజా, గంగై అమరన్!

వాళ్ల సంగతికి మళ్లీ వద్దాం. ఎందుకంటే కింగ్స్‌మెన్‌ను ముప్ఫై అయిదేళ్లు వేధించిన ప్రశ్నే చివరికి వీళ్ల గుమ్మంలోకీ వచ్చింది. పాట ఎవరిది?

పెళ్లి ఖర్చుకు అమ్మేసిన పాట

'లూయీ లూయీ' రాసింది కింగ్స్‌మెన్ కాదు. లాస్ ఏంజెలెస్‌కు చెందిన రిచర్డ్ బెర్రీ అనే నల్లజాతి గాయకుడు. 1935లో లూసియానా రాష్ట్రంలో పుట్టాడు, పెరిగింది లాస్ ఏంజెలెస్‌లో. 1955లో ఓ రాత్రి డ్యాన్స్ హాల్లో తన వంతు కోసం తెర వెనక నిల్చున్నాడు. అవతల లాటిన్ సంగీతం బ్యాండు ఓ చాచా బాణీ వాయిస్తోంది. దాని మొదట్లో వచ్చే దరువు అతని చెవిలో పడింది. పడింది పడ్డట్టే ఉండిపోయింది. చేతికందిన కాగితం ముక్క మీద అక్కడే మాటలు రాసుకున్నాడు.

పాటలో కథ చాలా మామూలుది. ఓ నావికుడు రేవులోని బార్లో కూర్చుని, లూయీ అనే పనివాడితో గోడు వెళ్లబోసుకుంటాడు. తన పిల్ల జమైకాలో ఎదురు చూస్తోంది. రాత్రీ పగలూ ఓడ మీద ఆమె ధ్యాసే. ఇక నేను వెళ్లాలి అంటాడు. అంతే! మైపాడులోనో జువ్వలదిన్నెలోనో పడవెక్కే మనిషికైనా, వాళ్ల కోసం ఒడ్డున ఎదురు చూసే ఇల్లాలికైనా ఈ పాటకు టీకా తాత్పర్యం అక్కర్లేదు.

1957లో బెర్రీ పాడిన రికార్డును 'ఫ్లిప్' అనే చిన్న కంపెనీ విడుదల చేసింది. పడమటి తీరంలో ఓ మోస్తరుగా నడిచింది, ఆగిపోయింది. ఆ తర్వాత బెర్రీకి పెళ్లి కుదిరింది. పెళ్లి చేసి చూడు, ఇల్లు కట్టి చూడు అన్నారు కదా. చేతిలో డబ్బు లేదు. 'లూయీ లూయీ'తో పాటు మరో నాలుగు పాటల మీద తన హక్కుల్ని కంపెనీ యజమానికి 750 డాలర్లకు రాసిచ్చేశాడు. అప్పటి మారకం ధర ప్రకారం మన లెక్కలో మూడున్నర వేల రూపాయల పైచిలుకు. ఆడి ఆగిపోయిన పాటకు అంత రావడమే ఎక్కువ అనుకుని ఉంటాడు. ఆ సంతకం విలువ ఎంతో తెలియడానికి పాతికేళ్లు పట్టింది.

బీచ్ ఒడ్డున దొరికింది

ఇప్పుడు పడమటి తీరం వెంబడి ఉత్తరానికి వెళ్దాం. ఒరెగాన్ రాష్ట్రంలోని పోర్ట్‌లాండ్. అక్కడ జాక్ ఈలీ, లిన్ ఈస్టన్ చిన్ననాటి స్నేహితులు. రెండు కుటుంబాలకూ రాకపోకలున్నాయి. ఈలీ గిటారు వాయిస్తూ పాడతాడు, ఈస్టన్ డ్రమ్స్ వాయిస్తాడు. 1959లో మైక్ మిచెల్ గిటారుతో, బాబ్ నార్డ్‌బీ బేస్ గిటారుతో వాళ్లకు తోడయ్యారు. కొన్నాళ్లకు కీబోర్డు దగ్గరికి డాన్ గలూచీ వచ్చాడు. అతనింకా హైస్కూలు పిల్లాడే! ఈస్టన్ అమ్మానాన్నలు అప్పటికే చెదిరిపోయిన వేరే బృందం నుంచి 'కింగ్స్‌మెన్' అనే పేరును తీసుకున్నారు. పిల్లల సరదాకు పెద్దవాళ్లు చేసిన ఆ చిన్న పనే తర్వాత పెద్ద చిక్కు తెచ్చిపెట్టింది.

బడి డ్యాన్సులు, చిన్నాచితకా పార్టీలు, దుకాణాల ప్రారంభోత్సవాలు... ఎక్కడ పిలిస్తే అక్కడ వాయించేవాళ్లు. ఓసారి సీసైడ్ అనే బీచ్ ఊరికి వెళ్లారు. అక్కడి క్లబ్బులో ఓ జ్యూక్‌బాక్స్ ఉంది. నాణెం వేస్తే కోరిన పాట వినిపించే పెట్టె అది. కుర్రకారు మళ్లీ మళ్లీ ఒకే రికార్డు పెట్టించుకుని గంటల తరబడి చిందులేస్తున్నారు. ఏమిటా అని చూస్తే, 'లూయీ లూయీ'! బెర్రీ పాడింది కాదు. టకోమా పట్నానికి చెందిన 'వెయిలర్స్' బృందంతో రాకిన్ రాబిన్ రాబర్ట్స్ పాడగా 1961లో వచ్చిన రికార్డు. మనమూ దీన్ని నేర్చుకోవాల్సిందే అని ఈలీ పట్టుబట్టాడు.

గుర్తున్నంత వరకు తలలో పెట్టుకుని వచ్చి, మిగతావాళ్లకు నేర్పించాడు. అక్కడే చిన్న పొరపాటు జరిగింది. అసలు పాటలో దరువు నాలుగు దెబ్బలు, రెండు, మళ్లీ నాలుగు. ఈలీ గుర్తుపెట్టుకున్నది మూడు, రెండు, మూడు. ఓ దెబ్బ తగ్గింది. పాట పరుగు అందుకుంది! ఇప్పుడు ప్రపంచానికి తెలిసిన 'లూయీ లూయీ' ఆ తప్పు దరువులోనే ఉంది.

యాభై డాలర్ల రికార్డింగు

పోర్ట్‌లాండ్‌లో కెన్ చేజ్ అనే రేడియో వ్యాఖ్యాతకు కుర్రకారు కోసం నడిపే ఓ క్లబ్బు ఉండేది. అక్కడ ఈ పాటకు వస్తున్న గిరాకీ చూసి రికార్డు చేయిస్తానన్నాడు. 1963 ఏప్రిల్ 6. ముందు రోజు రాత్రి క్లబ్బులో ఆపకుండా గంటన్నర సేపు ఇదే పాట పాడి పాడి ఈలీ గొంతు బొంగురుపోయింది. తెల్లవారి స్టూడియోకు వెళ్లారు. ఖర్చు యాభై డాలర్ల లోపేనని ఒకరు, యాభై అని ఒకరు చెబుతారు. అందరూ తలా కాస్త వేసుకున్నారు. ఆనాటి మన డబ్బులో చూస్తే యాభై డాలర్లు 240 రూపాయలైనా కాదు.

సినిమాలకు ధ్వని చేర్చుకునే చిన్న స్టూడియో అది. గాయకుడి మైకును పైకప్పు దగ్గర వేలాడదీశారు. ఈలీ పళ్లకు క్లిప్పులున్నాయి. ముని కాళ్ల మీద లేచి, తల పైకెత్తి, వాద్యాల హోరును మించి అరవాలి. అలా అరిస్తే మాట స్పష్టంగా ఎలా వస్తుంది? రాలేదు!

ఇంకా ఉంది. గిటారు విడిగా వాయించే ఘట్టం అయ్యాక ఈలీ కాస్త ముందే పాట ఎత్తుకున్నాడు. తప్పు తెలుసుకుని నాలుక్కరుచుకుని ఆగాడు. వెనక ఈస్టన్ గబుక్కున డ్రమ్ములతో ఆ ఖాళీని పూడ్చాడు. అంతకు ముందు ఈస్టన్ చేతిలో పుల్ల జారింది. విసుగ్గా ఓ బూతు మాట కూడా అనేశాడు. చెవి ఒగ్గి వింటే అదీ లీలగా వినిపిస్తుంది. ఇది రిహార్సల్ కదా, అసలుది తర్వాత అనుకున్నారు కుర్రాళ్లు. చేజ్ మాత్రం, చాలు బాగుంది అన్నాడు. ఇంకోసారి పాడే అవకాశం రాలేదు!

కొద్ది రోజుల తేడాతో అదే స్టూడియోలో 'పాల్ రివేర్ అండ్ ద రైడర్స్' అనే మరో బృందమూ ఇదే పాటను రికార్డు చేసింది. చుట్టుపక్కల ఊళ్లలో మొదట వాళ్లదే ఎక్కువ అమ్ముడైంది. కింగ్స్‌మెన్ రికార్డు మూలన పడింది.

'ఈ వారం చెత్త రికార్డు'

మూలన పడ్డదాన్ని లేవనెత్తింది ఓ వెక్కిరింత. 1963 శరదృతువులో దేశానికి ఆ కొసన, బోస్టన్‌లో ఆర్నీ గిన్స్‌బర్గ్ అనే పేరున్న రేడియో వ్యాఖ్యాత దీన్ని 'ఈ వారం చెత్త రికార్డు' అంటూ వినిపించాడు. వినేవాళ్లు నవ్వుకుంటారనుకుంటే... దుకాణాలకు పరుగెత్తారు! న్యూయార్క్‌లోని 'వాండ్' కంపెనీ రికార్డును దేశమంతా విడుదల చేసింది. 1963 డిసెంబరు, 1964 జనవరి నెలల్లో బిల్‌బోర్డ్ పట్టికలో ఆరు వారాలు రెండో స్థానంలో నిలబడింది. మొదటి స్థానంలో ఎవరున్నారో తెలుసా? మొదట ఓ బెల్జియం సన్యాసిని పాడిన భక్తిగీతం! ఆ తర్వాత బాబీ వింటన్ ప్రేమగీతం. 'క్యాష్‌బాక్స్' అనే మరో పత్రిక పట్టికలో మాత్రం కింగ్స్‌మెన్‌దే మొదటి స్థానం. రికార్డులు పది లక్షలు దాటి అమ్ముడయ్యాయి.

ఇంత జరుగుతుంటే పాడిన జాక్ ఈలీ ఎక్కడున్నాడు? బ్యాండులో లేడు!

అమ్మ దగ్గరున్న కాగితం

పాట దేశాన్ని ఊపడానికి రెండు నెలల ముందు, 1963 ఆగస్టులో ఈస్టన్ ఓ మాట చెప్పాడు. ఇకనుంచి నేను ముందు నిల్చుని పాడతాను, నువ్వు వెనక్కెళ్లి డ్రమ్స్ వాయించు అని. ఈలీ నిర్ఘాంతపోయాడు. అదెలా కుదురుతుందన్నాడు. కుదురుతుంది, ఎందుకంటే బ్యాండు పేరు ఈస్టన్ వాళ్ల పేరిట రిజిస్టరై ఉంది. ఆ పని చేయించింది వాళ్లమ్మ. ఈలీ, నార్డ్‌బీ బయటికి వచ్చేశారు. చిన్నప్పటి స్నేహం ఒక్క కాగితం దగ్గర తెగిపోయింది.

తర్వాతే పాట పేలింది. టీవీ వాళ్లు పిలిచారు. వెనక రికార్డు మోగుతుంటే ఈస్టన్ పెదాలు కదిపేవాడు. గొంతు ఈలీది, ముఖం ఈస్టన్‌ది. ఈలీ ఊరుకోలేదు. తానూ 'కింగ్స్‌మెన్' పేరుతోనే మరో బృందం కట్టి ఊళ్లు తిరిగాడు. ఏది అసలు, ఏది నకిలీ అని జనం బుర్ర గోక్కున్నారు. 1966లో రాజీ కుదిరింది. ఈలీకి రాయల్టీ కింద 6,000 డాలర్లు, ఓ గోల్డ్ రికార్డు. ఆపై వచ్చే ప్రతుల మీద గాయకుడిగా అతని పేరు. ఈస్టన్ ఇక అతని గొంతుకు పెదాలు కదపకూడదు. బదులుగా ఈలీ 'కింగ్స్‌మెన్' పేరును వదులుకోవాలి. పది లక్షలకు పైగా అమ్ముడైన గొంతుకు దక్కింది అదీ!

మరి బ్యాండు సంగతి? మరికొన్నాళ్లు బాగానే నడిచింది. 1965లో 'జాలీ గ్రీన్ జెయింట్' అనే సరదా పాట నాలుగో స్థానం దాకా వెళ్లింది కూడా. కానీ ఈ రోజు ఆ పాట ఎవరికి గుర్తుంది? జనం అడిగేది ఒక్కటే. ఎన్ని పాటలు పాడినా, అది పాడందే వేదిక దిగనిచ్చేవాళ్లు కాదు. 1967లో ఈస్టన్ కూడా వెళ్లిపోయాడు. కొన్నాళ్లు ఆగినా, డెబ్బైల్లో మిచెల్, తర్వాత చేరిన డ్రమ్మర్ డిక్ పీటర్సన్ మళ్లీ బృందాన్ని కూడగట్టారు. గలూచీ దారి వేరు. 1970లో 'స్టూజెస్' బృందం చేసిన 'ఫన్ హౌస్' ఆల్బమ్‌కు అతనే నిర్మాత. మొరటు రాక్ సంగీతాన్ని ఇష్టపడేవాళ్లు ఇప్పటికీ దాన్ని నెత్తిన పెట్టుకుంటారు.

ఎఫ్‌బీఐ వారి ఆలకింపు

పాట మాటలు అర్థం కావు అన్నాం కదా. అర్థం కానిదాంట్లో ఎవరికి తోచింది వాళ్లు విన్నారు. కాలేజీ కుర్రాళ్లు సొంత బూతు మాటలు కల్పించి, 'అసలు పాట ఇదే'నంటూ కాగితాల మీద రాసి పంచుకున్నారు. ఆ కాగితాలు తల్లిదండ్రుల కంటపడ్డాయి. 1964 మొదట్లో ఇండియానా గవర్నర్ మాథ్యూ వెల్ష్ ఈ పాట వినిపించొద్దని రేడియో వాళ్లను కోరాడు. ఓ తండ్రి ఏకంగా అటార్నీ జనరల్ రాబర్ట్ కెనెడీకి ఉత్తరం రాశాడు. మా పిల్లలు ఏం వింటున్నారో చూడండి అని. ఎఫ్‌బీఐ రంగంలోకి దిగింది!

రికార్డును ప్రయోగశాలకు పంపారు. మామూలు వేగంతో విన్నారు, మెల్లగా తిప్పి విన్నారు, వేగంగా తిప్పి విన్నారు. రెండున్నరేళ్లు! చివరికి తేల్చిందేమిటంటే, ఏ వేగంతో విన్నా ఏమీ అర్థం కావట్లేదు, కాబట్టి బూతు అని చెప్పలేం అని. కొండను తవ్వి ఎలుకను కూడా పట్టలేదన్నమాట. పాట రాసిన రిచర్డ్ బెర్రీని వాళ్లు ఒక్కసారీ అడగలేదు. పాడిన ఈలీనీ అడగలేదు. కాపీరైట్ కార్యాలయంలో అసలు పాట అచ్చులో భద్రంగా ఉంది, అదీ తిరగేయలేదు. మరో తమాషా. ఈస్టన్ నిజంగా అన్న ఆ బూతు మాట రికార్డులో ఉండనే ఉంది. అంతమంది విన్నా దాన్ని పట్టుకున్నవాళ్లు లేరు!

ఈ గోల వల్ల నష్టపోయిందెవరు? ఎవరూ కాదు. వద్దన్నకొద్దీ అమ్మకాలు పెరిగాయి. కింగ్స్‌మెన్ మొదటి ఆల్బమ్ రెండేళ్లకు పైగా బిల్‌బోర్డ్ పట్టికలో ఉండిపోయింది.

పాట గడప తొక్కిన లాయరు

వాయించడం తేలిక. మూడు స్వరసమూహాలు వస్తే చాలు. గిటారు కొన్న ప్రతి కుర్రాడూ దీంతోనే మొదలుపెట్టాడు. ఎంతమంది రికార్డు చేశారంటే, 1983లో కాలిఫోర్నియాలోని ఓ కాలేజీ రేడియో, ఏకబిగిన 63 గంటలు ఇదే పాటను 800కు పైగా గొంతుల్లో వినిపించింది. 1978లో వచ్చిన 'యానిమల్ హౌస్' సినిమా కొత్త తరానికి మళ్లీ అంటించింది. ఆ సినిమా కథ 1962లో జరుగుతుంది. అప్పటికి కింగ్స్‌మెన్ రికార్డు రానేలేదు! అయినా ఎవరూ పట్టించుకోలేదు.

ఊరూవాడా ఆ పాట మోగుతున్న రోజుల్లో రాసినాయన ఎలా ఉన్నాడు? ఎనభైల మధ్యలో రిచర్డ్ బెర్రీ లాస్ ఏంజెలెస్‌లో తల్లి ఇంట్లో ఉంటూ, ప్రభుత్వమిచ్చే సాయంతో రోజులు వెళ్లదీస్తున్నాడు. అప్పుడు 'కాలిఫోర్నియా కూలర్' అనే పానీయాల కంపెనీ ప్రకటన కోసం 'లూయీ లూయీ' కావాలనుకుంది. అందుకు రచయిత సంతకం అవసరమైంది. వెతుక్కుంటూ వచ్చిన లాయరు అతని కథంతా విని, పోయిన హక్కుల కోసం పోరాడవచ్చు అని చెప్పాడు. పోరాడాడు. కోర్టు బయట రాజీ కుదిరి హక్కుల్లో వాటా తిరిగొచ్చింది. 750 డాలర్లకు వదులుకున్నవాడు చివరి పదేళ్లలో లక్షాధికారి దాటి ఎదిగాడు. 1997 జనవరి 23న కన్నుమూశాడు. ఆయన పుట్టినరోజు ఏప్రిల్ 11ను అభిమానులు 'లూయీ లూయీ దినం'గా జరుపుకుంటారు.

మరి కింగ్స్‌మెన్? వాళ్ల రికార్డు హక్కులు కంపెనీల మధ్య చేతులు మారుతూ పోయాయి. 1968 నాటి ఒప్పందం ప్రకారం రాబడిలో తొమ్మిది శాతం వాళ్లకు రావాలి. రాలేదు. ఏళ్లు గడిచాయి. 1993లో కోర్టుకెక్కారు. ఇంతకాలం ఊరుకుని ఇప్పుడడిగితే ఎలా, గడువు దాటిపోయింది కదా అన్నది కంపెనీల వాదన. కట్టాల్సిన డబ్బు కట్టని ప్రతిసారీ ఒప్పందాన్ని కొత్తగా మీరినట్టే అన్నది న్యాయస్థానం. ఒప్పందం రద్దయింది. 1998లో అప్పీలు కోర్టు ఆ తీర్పును సమర్థించింది. అదే ఏడాది నవంబరులో సుప్రీంకోర్టు జోక్యానికి నిరాకరించింది. యాభై డాలర్లు చందాలేసుకుని చేసుకున్న రికార్డు మొత్తానికి ఇంటికి చేరింది. కాకపోతే కేసు వేసిన 1993 నుంచే లెక్క. అంతకు ముందు ముప్ఫై ఏళ్లు పోయినట్టే!

నెల్లూరు బాలు, పల్లె రాజా

ఇప్పుడు మన లైట్ మ్యూజిక్ బృందం దగ్గరికి వద్దాం. కింగ్స్‌మెన్‌కు ఒక్క పాటే మిగిలింది. మద్రాసులో కచేరీలు చేసిన ఆ కుర్రాళ్ల సంగతి దానికి పూర్తిగా తిరగేసి. లెక్కలేనన్ని పాటలు మిగిలాయి. బాలు గొంతు, రాజా బాణీ కలిస్తే ఏమవుతుందో తెలుగు, తమిళ శ్రోతలకు వేరే చెప్పనక్కర్లేదు.

కానీ పేచీ వీళ్లనూ వదల్లేదు. బాలు గాయకుడై యాభై ఏళ్లయిన సందర్భంగా దేశదేశాలు తిరుగుతూ కచేరీలు చేస్తున్న రోజులవి. 2017 మార్చిలో, అమెరికాలో ఉండగా ఇళయరాజా తరఫు న్యాయవాది నుంచి నోటీసు వచ్చింది. తన అనుమతి లేకుండా తన పాటలు వేదికల మీద పాడొద్దని. చిత్రకూ అలాంటిదే వెళ్లింది. ఇలాంటి అనుమతి కావాలని తనకు తెలియదనీ, చట్టాన్ని గౌరవించి ఇకపై ఆ పాటలు పాడననీ బాలు ఫేస్‌బుక్‌లో రాశారు. అభిమానులు రెండుగా చీలిపోయారు. పాడినవాడికి పాడే హక్కు లేదా అని ఒకరు. కట్టినవాడి కష్టానికి విలువ లేదా అని మరొకరు.

నిజానికి రెండూ ప్రశ్నలే. మన సినిమా పాటకు చాలాకాలం జరిగింది రిచర్డ్ బెర్రీకి జరిగిన లాంటిదే. రాసినవాళ్లూ బాణీ కట్టినవాళ్లూ ఓసారి డబ్బు తీసుకుని హక్కులన్నీ రాసిచ్చేవాళ్లు. తర్వాత పాట ఎన్ని దశాబ్దాలు మోగినా వాళ్ల గడప దాకా వచ్చేది తక్కువ. సూళ్లూరుపేట దగ్గరి మంగళంపాడులో పుట్టి మనసు కవిగా పేరు తెచ్చుకున్న ఆచార్య ఆత్రేయ తరం వాళ్లంతా ఆ పద్ధతిలోనే బతికారు. 2012లో కాపీరైట్ చట్టాన్ని సవరించారు. సినిమా పాట రాసినవారికీ స్వరపరిచినవారికీ రాయల్టీలో వాటా ఉంటుంది, దాన్ని రాసిచ్చేసినా చెల్లదు అన్నది ఆ సవరణ. గాయకుల లాంటి కళాకారులకూ వాణిజ్య వాడకంలో రాయల్టీ హక్కు వచ్చింది. అలాంటి అక్షరం ఒక్కటి అమెరికా చట్టంలో యాభైల్లోనే ఉండి ఉంటే, బెర్రీ పెళ్లి ఖర్చుకు సంతకం పెట్టినా పాట చేజారేది కాదు.

అయితే చట్టం తేల్చలేనిదాన్ని కొన్నిసార్లు మనుషులే తేల్చుకుంటారు. ఈలీ, ఈస్టన్‌ల స్నేహం మళ్లీ అతకలేదు. బాలు, రాజాల స్నేహం అతికింది. 2019 జూన్ 2న, ఇళయరాజా పుట్టినరోజున, చెన్నైలో జరిగిన కచేరీలో బాలు ఆయన పాటలు పాడారు. మరుసటి ఏడాది ఆగస్టులో బాలు కరోనాతో ఆసుపత్రిలో ఉన్నప్పుడు, లేచి రా అని కోరుతూ ఇళయరాజా వీడియో విడుదల చేశారు. 2020 సెప్టెంబరు 25న బాలు వెళ్లిపోయారు.

అదే ఏప్రిల్‌లో అమెరికాలో లిన్ ఈస్టన్ పోయాడు. అంతకు ముందే, 2015 ఏప్రిల్‌లో, జాక్ ఈలీ కన్నుమూశాడు. చివరి రోజుల్లో ఒరెగాన్‌లో గుర్రాలకు శిక్షణ ఇస్తూ బతికాడు. మిచెల్ 2021 ఏప్రిల్ 16న, తన డెబ్బై ఏడో పుట్టినరోజున వెళ్లిపోయాడు. మొదటి రికార్డింగు నాటి వాళ్లలో బృందంతో చివరిదాకా ఉన్నది అతనే.

పోయే ఏడాదే, 2020 ఫిబ్రవరిలో, నెల్లూరు తిప్పరాజువారి వీధిలోని తన ఇంటిని బాలు వేదపాఠశాల కోసం కంచి మఠానికి ఇచ్చేశారు. ఇంటికి దస్తావేజు ఉంటుంది. సరిహద్దులుంటాయి. ఎవరిది, ఎవరికిచ్చారు అన్నది కాగితం చూస్తే తెలిసిపోతుంది. పాటకూ కాగితం ఉంటుంది. కానీ రాసినవాడు, కట్టినవాడు, పాడినవాడు, అమ్మినవాడు... అందరూ ఆ కాగితం మీద కొట్లాడుకుంటుండగానే అది కిటికీలోంచి బయటపడి ఏ టీ కొట్టు రేడియోలోనో మోగుతుంటుంది. ఆ కొట్టు దగ్గర నిల్చుని కూనిరాగం తీసేవాడికి ఈ పేచీలేవీ తెలియవు. తెలియాల్సింది మాత్రం, మొదటి సంతకం పెట్టబోయే కుర్రాడికి!